సూపర్‌హీరో సినిమాలు ఏ వరుసలో చూడాలి? మొదటిసారి చూసేవాళ్ల కోసం పూర్తి మార్గదర్శి

ఇంటర్ పరీక్షలు అయిపోగానే తిరుపతిలో మా ఇంటికి చుట్టాల పిల్లలు దిగుతారు. వాళ్లలో ఒకరైనా తప్పకుండా అడుగుతారు: "మార్వెల్ సినిమాలన్నీ చూడాల, యాడ మొదలుపెట్టాల?" మార్వెల్ అంటే ఐరన్ మ్యాన్, థోర్ లాంటి సూపర్‌హీరోల సినిమాలు తీసే అమెరికా సంస్థ. ఆఫీసులో తోటివాళ్లదీ ఇదే ప్రశ్న. నోటితో చెబితే సగం మర్చిపోతున్నారు. అందుకే ఈసారి మొదటి నుంచి చివరిదాకా రాసిపెడుతున్నాను.

కథల్లోని అసలు గుట్టు ఎక్కడా విప్పలేదు. ఒక్క సినిమా కూడా చూడనివాళ్లు సైతం ధైర్యంగా చదువుకోవచ్చు.

## 1. ముందు ఈ నాలుగూ తేల్చుకోండి

చాలామంది ఏదో ఒక లిస్టు దొరకగానే మొదలుపెట్టేస్తారు, నాలుగో సినిమాకే వదిలేస్తారు. టీవీ పెట్టే ముందు కాగితం మీద ఇవి రాసుకోండి.

- చూసేది ఎవరు? ఒక్కరేనా, ఇంటిల్లిపాదా? పదేళ్లలోపు పిల్లలు ఉన్నారా?
- ఇప్పటికే ఏమేం చూశారు? టీవీలో సగం చూసినవి కూడా రాయండి.
- ఎన్ని రోజులు ఉన్నాయి? సెలవులంతానా, రెండు వారాలేనా?
- గమ్యం ఏది? అన్నీ చూడాలా, లేక థియేటర్లోకి రాబోయే ఒక సినిమా అర్థమైతే చాలా?

నాలుగో ప్రశ్నకు జవాబు లేకుండా వరుస ఎంచుకోవద్దు. ఒక్క సినిమా కోసం మార్వెల్ పూర్తి వరుసలోని 23 సినిమాలూ చూడాల్సిన పని లేదు.

## 2. విడుదల వరుసా, కథాకాలం వరుసా?

విడుదల వరుస అంటే సినిమాలు థియేటర్లకు వచ్చిన క్రమం. కథాకాలం వరుస అంటే కథలో సంఘటనలు జరిగిన క్రమం. ఉదాహరణకు 2011లో వచ్చిన కెప్టెన్ అమెరికా మొదటి సినిమా కథ ఎక్కువ భాగం రెండో ప్రపంచ యుద్ధం నాటిది. 2019లో వచ్చిన 'కెప్టెన్ మార్వెల్' కథ 1995లో జరుగుతుంది. కథాకాలం ప్రకారం పోతే ఈ రెండూ ముందుకు వచ్చేస్తాయి.

మొదటిసారి చూసేవాళ్లకు విడుదల వరుసే సరైనది. ఈ విషయంలో నాకు అనుమానమే లేదు.

మా చిత్తూరు వైపు ద్రౌపదమ్మ గుళ్ల దగ్గర 18 రోజులు భారతం జరుగుతుంది. పగలు హరికథ, రాత్రి వీధినాటకం. అర్జునుడు తపస్సు మాను ఎక్కే రోజు మాత్రమే వచ్చేవాళ్లు ఉంటారు, దుర్యోధన వధ నాడు మాత్రమే వచ్చేవాళ్లూ ఉంటారు. ఎవరికీ ఇబ్బంది ఉండదు. ఎందుకంటే కథంతా అందరికీ చిన్నప్పటి నుంచి తెలుసు. ఈ సినిమాల సంగతి అలా కాదు. ప్రేక్షకుడికి ఏది ఎప్పుడు తెలియాలో లెక్క వేసుకుని తీశారు. కాలం ప్రకారం ముందు జరిగిన కథే అయినా, తర్వాత తీసిన సినిమాలో అప్పటిదాకా చెప్పిన గుట్టు ఎక్కడో ఒకచోట బయటపడుతుంది.

ఇది నేను ఒక వేసవిలో చేతులు కాల్చుకుని నేర్చుకున్నాను. చిత్తూరు నుంచి వచ్చిన మా పిన్ని కొడుక్కి కథాకాలం వరుస నేనే రాసిచ్చాను. రెండో సినిమాగా 'కెప్టెన్ మార్వెల్' పెట్టాను. సినిమా అయిపోయి పేర్లు పడుతుండగా మధ్యలో ఒక చిన్న సీన్ వచ్చింది. వాడు ఉప్పు కారం అద్దిన బెంగళూరా మామిడి ముక్క నోటిదాకా తెచ్చి ఆగిపోయాడు. "అన్నా, వీళ్లంతా ఎవురు? ఎందుకింత దిగులుగా ఉండారు? ఏం జరిగింది?" అన్నాడు. నేను రిమోట్ వెతికేలోపే సీన్ అయిపోయింది. అది వాడికి తెలియాల్సింది దాదాపు ఇరవై సినిమాల తర్వాత. నెల తర్వాత 'ఇన్ఫినిటీ వార్' చివరికి వచ్చినప్పుడు వాడు పెద్దగా కదల్లేదు. "ఆ పొద్దు చూసింది దీని గురించే కదన్నా" అన్నాడు, అంతే. ఆ రోజు నాకు కలిగిన బాధ ఇప్పటికీ ఉంది. ఒక మనిషికి ఒక్కసారే దొరికే అనుభవం అది.

కాబట్టి కథాకాలం వరుసను రెండోసారి చూసేటప్పటికి దాచుకోండి.

## 3. ఏ సినిమా ఏ కుటుంబానిదో వేరు చేయండి

ఎక్కువ గందరగోళం ఇక్కడే. పెట్టె మీద మార్వెల్ అని ఉన్నవన్నీ ఒకే కథ కాదు.

- మార్వెల్ ప్రధాన కథ: 2008 నాటి 'ఐరన్ మ్యాన్'తో మొదలవుతుంది. 2003లో వచ్చిన 'హల్క్' ఇందులోది కాదు.
- ఎక్స్-మెన్: 2000లో మొదలైన వేరే కుటుంబం.
- పాత స్పైడర్-మ్యాన్‌లు: 2002, 2004, 2007 సినిమాలు ఒక హీరోవి. 2012, 2014 సినిమాలు ఇంకో హీరోవి. మార్వెల్ ప్రధాన కథలో కనిపించే స్పైడర్-మ్యాన్ మూడో అతను.
- డీసీ: సూపర్‌మ్యాన్, బ్యాట్‌మ్యాన్, వండర్ వుమన్. వీటికీ మార్వెల్‌కూ సంబంధం లేదు. వీటిలోనే మళ్లీ మూడు నాలుగు వేర్వేరు కథలు ఉన్నాయి.

ఓటీటీలో పేరు కొట్టగానే వచ్చిన మొదటి బొమ్మ మీద నొక్కకండి. విడుదల సంవత్సరం చూసి నొక్కండి. ఈ ఒక్క అలవాటుతో సగం తికమక తీరిపోతుంది.

## 4. మార్వెల్: 23 సినిమాల పూర్తి వరుస

సెలవులంతా చేతిలో ఉంటే ఇదే దారి. అన్నీ కలిపి దాదాపు 50 గంటలు. ఫోన్‌లో రాసుకుని చూసినవాటికి టిక్కు పెట్టుకుంటూ పోండి.

- 2008: ఐరన్ మ్యాన్, ది ఇన్‌క్రెడిబుల్ హల్క్
- 2010: ఐరన్ మ్యాన్ 2
- 2011: థోర్, కెప్టెన్ అమెరికా: ది ఫస్ట్ అవెంజర్
- 2012: ది అవెంజర్స్
- 2013: ఐరన్ మ్యాన్ 3, థోర్: ది డార్క్ వరల్డ్
- 2014: కెప్టెన్ అమెరికా: ది వింటర్ సోల్జర్, గార్డియన్స్ ఆఫ్ ది గెలాక్సీ
- 2015: అవెంజర్స్: ఏజ్ ఆఫ్ అల్ట్రాన్, యాంట్-మ్యాన్
- 2016: కెప్టెన్ అమెరికా: సివిల్ వార్, డాక్టర్ స్ట్రేంజ్
- 2017: గార్డియన్స్ ఆఫ్ ది గెలాక్సీ 2, స్పైడర్-మ్యాన్: హోమ్‌కమింగ్, థోర్: రాగ్నరాక్
- 2018: బ్లాక్ పాంథర్, అవెంజర్స్: ఇన్ఫినిటీ వార్, యాంట్-మ్యాన్ అండ్ ది వాస్ప్
- 2019: కెప్టెన్ మార్వెల్, అవెంజర్స్: ఎండ్‌గేమ్, స్పైడర్-మ్యాన్: ఫార్ ఫ్రమ్ హోమ్

ఇందులో నేను చేసుకునే మార్పు ఒక్కటే. 'బ్లాక్ పాంథర్' ముందు చూసి, తర్వాత 'రాగ్నరాక్' చూస్తాను. 'రాగ్నరాక్' ఎక్కడ ఆగుతుందో 'ఇన్ఫినిటీ వార్' అక్కడే అందుకుంటుంది. రెండూ పక్కపక్కన ఉంటే ఊపు తగ్గదు. 'బ్లాక్ పాంథర్' కథ కూడా 'సివిల్ వార్' అయిన వెంటనే జరిగేదే కాబట్టి ముందుకు జరిపినా ఏ గుట్టూ బయటపడదు.

కదపకూడనివి మూడు ఉన్నాయి. 'యాంట్-మ్యాన్ అండ్ ది వాస్ప్', 'కెప్టెన్ మార్వెల్' రెండూ 'ఇన్ఫినిటీ వార్' తర్వాతే, 'ఎండ్‌గేమ్'కు ముందే. 'ఫార్ ఫ్రమ్ హోమ్' ఎండ్‌గేమ్ తర్వాతే. దీని మొదటి కొన్ని నిమిషాల్లోనే ఎండ్‌గేమ్‌లో జరిగింది చెప్పేస్తారు.

2021లో వచ్చిన 'బ్లాక్ విడో' కథాకాలం ప్రకారం 'సివిల్ వార్' పక్కన వస్తుంది. చాలా లిస్టుల్లో అక్కడే పెడతారు. మొదటిసారి అయితే అక్కడ పెట్టకండి. పేర్లన్నీ అయిపోయాక వచ్చే సీన్ ఎండ్‌గేమ్ చూసినవాళ్ల కోసం తీసింది.

నటులు మారారని కంగారు పడొద్దు. 2008 హల్క్‌లో బ్రూస్ బ్యానర్‌గా ఎడ్వర్డ్ నార్టన్ ఉంటాడు, 2012 నుంచి మార్క్ రఫలో. ఐరన్ మ్యాన్ స్నేహితుడు రోడీ కూడా రెండో సినిమా నుంచి మారతాడు. మనుషులు వేరు, పాత్రలు అవే.

## 5. టైమ్ లేనివాళ్లకు 12 సినిమాల దారి

రెండు వారాలే ఉంటే ఇవి చూడండి. మొత్తం 27 గంటలకు కాస్త పైన.

1. ఐరన్ మ్యాన్, 2008
2. థోర్, 2011
3. కెప్టెన్ అమెరికా: ది ఫస్ట్ అవెంజర్, 2011
4. ది అవెంజర్స్, 2012
5. ది వింటర్ సోల్జర్, 2014
6. గార్డియన్స్ ఆఫ్ ది గెలాక్సీ, 2014
7. ఏజ్ ఆఫ్ అల్ట్రాన్, 2015
8. సివిల్ వార్, 2016
9. బ్లాక్ పాంథర్, 2018
10. రాగ్నరాక్, 2017
11. ఇన్ఫినిటీ వార్, 2018
12. ఎండ్‌గేమ్, 2019

ఇంకో నాలుగు గంటలు దొరికితే 7, 8 మధ్య 'యాంట్-మ్యాన్', 8 తర్వాత 'డాక్టర్ స్ట్రేంజ్' చేర్చండి. చివరి రెండు సినిమాల్లో ఈ ఇద్దరి పాత్ర చాలా పెద్దది. "వీడెవడు, వీడికి ఈ విద్య ఎక్కడిది" అని పక్కవాళ్లను అడగాల్సిన అవసరం ఉండదు.

మొదటి 'థోర్' నెమ్మదిగా ఉందని చాలామంది వదిలేస్తారు. వద్దు. థోర్ తమ్ముడు 'లోకి' ఎవరో, అన్న మీద అతనికి ఎందుకంత కోపమో తెలియకపోతే 2012 'అవెంజర్స్'లో విలన్ పక్షం సగమే అర్థమవుతుంది.

## 6. పేర్లు పడేటప్పుడు లేవకండి

మన థియేటర్లలో పేర్లు మొదలవగానే లైట్లు వెలుగుతాయి, తలుపులు తెరుస్తారు, జనం చెప్పులు వెతుక్కుంటారు. ఇంట్లో ఓటీటీ కూడా అదే పని చేస్తుంది. పేర్లు మొదలవగానే తెర చిన్నదై తర్వాతి సినిమా దానంతట అదే వచ్చేస్తుంది.

ఈ సినిమాల్లో సాధారణంగా రెండు సీన్లు దాచి ఉంటాయి. ఒకటి పెద్ద అక్షరాల పేర్లయ్యాక మధ్యలో, ఇంకోటి అంతా అయిపోయాక. ఒక సినిమాను తర్వాతి సినిమాకు కట్టే ముడి అక్కడే వేస్తారు.

- సెట్టింగ్స్‌లో ఆటోప్లే తీసేయండి.
- తెర చిన్నదైతే దాని మీద నొక్కండి, మళ్లీ పెద్దదవుతుంది.
- తప్పకుండా చూడాల్సినవి: ఐరన్ మ్యాన్ 2008, థోర్ 2011, ది అవెంజర్స్ 2012, యాంట్-మ్యాన్ 2015, ఇన్ఫినిటీ వార్ 2018.
- ఎండ్‌గేమ్‌లో మాత్రం ఇలాంటి సీన్ కోసం వేచి ఉండక్కర్లేదు.

## 7. ఆరు రాళ్ల కాగితం

పెద్ద కథంతా ఆరు రాళ్ల చుట్టూ తిరుగుతుంది. ఒక్కోటి ఒక్కో సినిమాలో, చాలాసార్లు వేరే రూపంలో కనిపిస్తుంది. ఇది రాయి అని అప్పటికప్పుడు చెప్పరు కూడా.

ఒక కాగితం మీద ఆరు గీతలు గీసి టీవీ పక్కన అంటించండి. సినిమాలో ఏదైనా వింత వస్తువు కోసం అందరూ కొట్టుకుంటుంటే దాని పేరు, రంగు, చివరికి అది ఎవరి చేతిలో ఉందో రాయండి. 23 సినిమాల దారిలో వెళ్తే 'ఇన్ఫినిటీ వార్' నాటికి ఐదు గీతలు నిండాలి. ఆరోది ఎక్కడుందో అదే చెబుతుంది. పిల్లలకు ఈ పని బాగా నచ్చుతుంది. సినిమాల మధ్య వారం గ్యాప్ వచ్చినా కథ చేజారదు.

## 8. భాష ముందే నిర్ణయించుకోండి

తెలుగు డబ్బింగా, ఇంగ్లీషా అన్నది మొదటి రోజే తేల్చుకోండి. మధ్యలో మార్చితే పాత్రల గొంతులు మారి పిల్లలు తికమకపడతారు. పాత సినిమాల్లో కొన్నింటికి ఓటీటీలో తెలుగు ఉండకపోవచ్చు. అలాంటివాటికి సబ్‌టైటిల్స్ పెట్టుకోండి, మొదలుపెట్టే ముందే చూసుకోండి.

ఇంట్లో పెద్దవాళ్లు కూర్చుంటే తెలుగే మేలు. 'ఇన్ఫినిటీ వార్' తెలుగులో విలన్ థానోస్‌కు రానా గొంతు ఇచ్చాడు. మా అమ్మ ఆ గొంతు వినగానే వంటింట్లోంచి వచ్చి కూర్చుంది.

## 9. ఎండ్‌గేమ్ తర్వాత: గమ్యాన్ని బట్టి వెనక్కి నడవండి

ఇక్కడి నుంచి అన్నీ చూడమని నేను చెప్పను. సిరీస్‌లు కూడా కలిశాయి, లెక్క పెరిగిపోయింది. మీకు కావాల్సిన సినిమా పట్టుకుని, దానికి ముందు ఏం చూడాలో చూడండి.

- స్పైడర్-మ్యాన్: నో వే హోమ్, 2021: పాత స్పైడర్-మ్యాన్ సినిమాలు ఐదూ, కొత్త హీరోవి రెండూ చూసి ఉండాలి. ఎందుకో చెప్పను.
- డాక్టర్ స్ట్రేంజ్ రెండో సినిమా, 2022: ముందు 'వాండావిజన్' సిరీస్.
- ది మార్వెల్స్, 2023: 'కెప్టెన్ మార్వెల్', 'వాండావిజన్', 'మిస్ మార్వెల్'.
- డెడ్‌పూల్ అండ్ వుల్వరిన్, 2024: 'డెడ్‌పూల్' రెండు సినిమాలు, 'లోగన్', 'లోకి' మొదటి సీజన్.
- కెప్టెన్ అమెరికా: బ్రేవ్ న్యూ వరల్డ్, 2025: 'ఫాల్కన్ అండ్ ది వింటర్ సోల్జర్' సిరీస్. 2008 హల్క్ సినిమా వదిలేసినవాళ్లు దాన్ని కూడా చూడాలి.
- థండర్‌బోల్ట్స్, 2025: 'బ్లాక్ విడో' తప్పనిసరి, పైన చెప్పిన ఫాల్కన్ సిరీస్ కూడా ఉంటే మంచిది.
- ఫెంటాస్టిక్ ఫోర్: ఫస్ట్ స్టెప్స్, 2025: ఏమీ అక్కర్లేదు. కథ వేరే లోకంలో, 1960ల వాతావరణంలో జరుగుతుంది. ఇంట్లో ఏమీ చూడనివాళ్లతో కలిసి చూడ్డానికి ఇది పనికొస్తుంది.

## 10. ఎక్స్-మెన్, డీసీ: చిన్న దారులు

ఎక్స్-మెన్‌కు కూడా విడుదల వరుసే. 2000, 2003, 2006 సినిమాలు, తర్వాత 2011 'ఫస్ట్ క్లాస్', తర్వాత 2014 'డేస్ ఆఫ్ ఫ్యూచర్ పాస్ట్'. పాత నటులు, కొత్త నటులు ఇద్దరూ ఇందులో కలుస్తారు. 1962 కథ కదా అని 'ఫస్ట్ క్లాస్'తో మొదలుపెడితే ఈ కలయికలో ఉన్న ఆనందం పోతుంది. 2009 నాటి వుల్వరిన్ సినిమా వదిలేసినా నష్టం లేదు. 'లోగన్' మాత్రం చివర్లో చూడండి.

డీసీలో మొదట విడగొట్టుకోండి. 2005, 2008, 2012 బ్యాట్‌మ్యాన్ సినిమాలు మూడూ ఒక కథ. 2019 'జోకర్', 2022 'ది బ్యాట్‌మ్యాన్' దేనికదే. 2025 'సూపర్‌మ్యాన్' కొత్త ఆరంభం, నేరుగా చూడొచ్చు. ఇక 2013 'మ్యాన్ ఆఫ్ స్టీల్'తో మొదలైన కుటుంబానికి దాని తర్వాత 2016 'బ్యాట్‌మ్యాన్ వర్సెస్ సూపర్‌మ్యాన్', 2017 'వండర్ వుమన్', ఆపైన 'జస్టిస్ లీగ్'. ఈ చివరిదానికి రెండు రూపాలు ఉన్నాయి. 2021లో వచ్చిన జాక్ స్నైడర్ రూపమే చూడమంటాను. నిడివి 4 గంటల 2 నిమిషాలు, కానీ భాగాలుగా విడగొట్టి ఉంటుంది, రెండు రాత్రులకు సర్దుకోవచ్చు.

## 11. జరిగే తప్పులు, సర్దుబాట్లు

ఎండ్‌గేమ్ ముందే చూసేశాను. అయినా 12 సినిమాల దారి మొదటి నుంచి పట్టండి. ముగింపు తెలిసినా ఆ మనుషులు అక్కడికి ఎలా చేరారో మీకు ఇంకా కొత్తే.

మధ్యలో ఒక సినిమా బోర్ కొట్టింది. అరగంట చూసి ఆపేయండి. చివరి పది నిమిషాలు, పేర్ల తర్వాతి సీన్లు మాత్రం చూసి ముందుకు వెళ్లండి. 'థోర్: ది డార్క్ వరల్డ్' దగ్గర చాలామందికి ఇది అవసరమవుతుంది. అయితే అందులోనూ ఒక రాయి ఉంది, కాగితం మర్చిపోకండి.

నెల రోజులు గ్యాప్ వచ్చింది. మళ్లీ మొదటికి వెళ్లకండి. ఆఖరున చూసిన అవెంజర్స్ సినిమా ఒక్కటి మళ్లీ చూసి అక్కడి నుంచి కొనసాగించండి.

పిల్లలు పక్కన ఉన్నారు. 'డెడ్‌పూల్' సినిమాలు, 'లోగన్' మన దగ్గర 'ఏ' సర్టిఫికెట్ సినిమాలు. బొమ్మ మీద సూపర్‌హీరో డ్రెస్సు చూసి పెట్టేయొద్దు.

ప్రయాణంలో చూద్దామనుకున్నాను. హైదరాబాద్ రాత్రి రైలుకు రెండు సినిమాలు ఇంట్లోనే డౌన్‌లోడ్ చేసుకోండి. తిరుపతి నుంచి చిత్తూరు బస్సులో మాత్రం మొదలుపెట్టకండి, సరిగ్గా క్లైమాక్స్ దగ్గర దిగాల్సి వస్తుంది.

ఇంట్లో ఒకరు ముందే చూసేశారు. వాళ్లతో మొదటి రోజే మాట తీసుకోండి: "ఇప్పుడు చూడు", "వాడు మంచోడు కాదు" లాంటి మాటలు వద్దని. ఆగలేకపోతే పక్క గదిలోకి వెళ్లమనండి.

ఎండ్‌గేమ్ రాత్రి పదికి పెట్టాం, పిల్లలు నిద్రపోయారు. ఆ సినిమా 3 గంటల 1 నిమిషం. ముందు రోజు 'ఇన్ఫినిటీ వార్' చూసేయండి. ఆ రోజు సాయంత్రం ఐదున్నరకల్లా వంట ముగించి, ఆరింటికి మొదలుపెట్టండి. గంటన్నర దగ్గర ఆపి అన్నాలు తినండి. ఆఖరి గంటలో ఎవరూ లేవకూడదు. ఫోన్లు వేరే గదిలో ఛార్జింగ్ పెట్టండి.